మాన్యువల్ వెతికే ముందు మీ ఇంజిన్ ఏదో తేల్చుకోండి

మీరు అడిగింది క్లుప్తంగా ఇదీ. సెకండ్‌హ్యాండ్‌లో 2018 మోడల్ రాయల్ ఎన్‌ఫీల్డ్ క్లాసిక్ 350 కొన్నారు. మామూలు సర్వీసింగ్ ఇంట్లోనే చేసుకుందామని నెట్‌లో రిపేర్ మాన్యువల్ వెతికితే ఒక పీడీఎఫ్ దొరికింది. అందులో హెడ్ మీద కవర్ తీసి, స్క్రూ, లాక్‌నట్‌లతో ట్యాపెట్ గ్యాప్ (వాల్వుకూ దాన్ని నొక్కే రాకర్‌కూ మధ్య ఉండే సన్నని సందు) సెట్ చేయమని బొమ్మతో సహా ఉంది. ఆదివారం ఆ సందు కొలిచే ఫీలర్ గేజ్ పట్టుకుని కూర్చుంటే మీ బండికి ఆ బొమ్మలో ఉన్నట్టు ఏదీ కనపడలేదు. ఇంజిన్ మాత్రం పొద్దున్నే స్టార్ట్ చేయగానే టిక్ టిక్ అంటోంది. సరైన మాన్యువల్ ఎక్కడ దొరుకుతుంది, ఆ పుస్తకం పట్టుకుని ఇంట్లో పని చేయడం మనవల్ల అవుతుందా అని అడిగారు.

అవుతుంది. ఇరవై ఏళ్లుగా నా బళ్లు, మా ఇంట్లోవాళ్ల బళ్లు నేనే చూసుకుంటున్నాను. నాకు పని నేర్పింది సగం మెకానిక్‌లైతే సగం పుస్తకాలు. మీకు స్క్రూ కనపడకపోవడానికి కారణం సులువే: మీ బండికి ట్యాపెట్ సెట్టింగ్ అనే పనే లేదు. రాకర్ కవర్లు విప్పేదాకా పోకుండా ఆగారు, చాలా మంచి పని చేశారు.

క్లాసిక్ 350 అనేది ట్యాంకు మీద పేరు మాత్రమే. ఆ పేరు కింద రెండు పూర్తిగా వేరే ఇంజిన్లు వచ్చాయి. 2009లో క్లాసిక్ వచ్చినప్పుడు ఉన్నది యూసీఈ ఇంజిన్, అంటే ఇంజిన్, గేర్‌బాక్స్ ఒకే కేసులో ఉండే రకం. 346 సీసీ. అందులో వాల్వులను తెరవడానికి కింది నుంచి నెట్టే కడ్డీలు, అంటే పుష్‌రాడ్‌లు ఉంటాయి, వాటి కింద హైడ్రాలిక్ లిఫ్టర్లు ఉంటాయి. ఆయిల్ ప్రెషర్‌తో గ్యాప్‌ను అవే సర్దుకుంటాయి, చేత్తో సెట్ చేసేది ఏమీ ఉండదు. 2020 జనవరిలో అదే ఇంజిన్‌కు కార్బురేటర్ తీసేసి ఫ్యూయల్ ఇంజెక్షన్ పెట్టి బీఎస్-6 కాలుష్య నిబంధనలకు సరిపడేలా చేశారు. 2021 సెప్టెంబరులో అదే పేరుతో జె-సిరీస్ ఇంజిన్ వచ్చింది. అది 349 సీసీ. పుష్‌రాడ్‌లు లేవు, వాల్వులను కదిలించే క్యామ్ పైన హెడ్‌లోనే ఉంటుంది, ట్యాపెట్ గ్యాప్ స్క్రూతో సెట్ చేయాలి. మీకు దొరికిన పీడీఎఫ్ దానిది. పుస్తకంలో తప్పు లేదు, అది మీ బండి పుస్తకం కాదు, అంతే.

మాన్యువల్ ఎక్కడ దొరుకుతుంది అనేది రెండో ప్రశ్న. నా బండి ఏది అనేదే మొదటి ప్రశ్న. సెకండ్‌హ్యాండ్ బండికి ఇది ఇంకా ముఖ్యం. ఎందుకంటే ఏ సంవత్సరంలో రిజిస్టర్ అయింది, ఏ సంవత్సరంలో తయారైంది అనేవి రెండూ ఒకటి కానక్కర్లేదు.

ఆర్‌సీ తీసి తయారీ నెల, సంవత్సరం చూడండి. తర్వాత ఫ్రేమ్ మెడ దగ్గర చెక్కిన చాసిస్ నంబర్ గుడ్డతో తుడిచి, టార్చి వేసి చదవండి. అందులో 17 అక్షరాలు ఉంటాయి. రాయల్ ఎన్‌ఫీల్డ్ అయితే ఎంఈ3 తో మొదలవుతుంది. హీరోకు ఎంబీఎల్, బజాజ్‌కు ఎండీ2, టీవీఎస్‌కు ఎండీ6. ఎడమ నుంచి పదో అక్షరం సంవత్సరం: 2017కు హెచ్, 2018కు జె. మధ్యలో ఐ అక్షరాన్ని వాడరు, ఒకటి అంకెలా కనపడుతుందని. ఇంజిన్ కేసు మీది నంబర్ కూడా రాసుకుని ఆర్‌సీతో సరిచూడండి. ఇంజిన్ మార్చిన బళ్లు నేను చూశాను. అలాంటి బండికి చాసిస్ నంబర్ పట్టుకుని మాన్యువల్ తెచ్చుకుంటే బ్రేకులు, ఫోర్కు వరకే పనికొస్తుంది.

కంటితో గుర్తుపట్టడానికి కూడా గుర్తులున్నాయి. మీ బండికి కిక్ రాడ్ ఉంటుంది, జె-సిరీస్ క్లాసిక్‌కు ఉండదు. మీ హెడ్‌కు రెండు స్పార్క్ ప్లగ్‌లు ఉంటాయి. ఒక్క ప్లగ్ మార్చి రెండోదాన్ని మర్చిపోయే మెకానిక్‌లూ ఉన్నారు కాబట్టి ఇది గుర్తుంచుకోండి.

ఇక పుస్తకాల విషయం. "మాన్యువల్" అనే ఒక్క మాటతో మనం మూడు రకాల పుస్తకాలను పిలుస్తుంటాం. వెతుకులాటలో సగం గందరగోళం అక్కడే పుడుతుంది.

ఓనర్స్ మాన్యువల్ బండితో పాటు ఇచ్చేది. చాలామంది దాన్ని సీటు కింద కవర్లో పెట్టి మర్చిపోతారు. ఆయిల్ గ్రేడ్, ఎంత పోయాలి, టైర్ గాలి, చైన్ వదులు, ఫ్యూజులు, ఏ కిలోమీటర్లకు ఏం చేయాలి, ఇవన్నీ అందులోనే ఉంటాయి. ఇంట్లో చేసుకునే పనులకు ఎక్కువసార్లు ఇది చాలు. మన దేశంలో పెద్ద కంపెనీలు చాలావరకు దీన్ని తమ వెబ్‌సైట్‌లో ఉచితంగానే పెడుతున్నాయి. కొన్ని కంపెనీలు ఇంకా ముందుకెళ్లాయి. కేటీఎం చిన్న డ్యూక్‌లు మన పుణె దగ్గరి చాకన్‌లోనే తయారవుతాయి. వాటి ఓనర్స్ మాన్యువల్ చివర ఇంజిన్, చాసిస్ బోల్టుల టార్క్ విలువలు, అంటే ఏ బోల్టును ఎంత గట్టిగా బిగించాలో, పట్టికగా ఉంటాయి. అలాంటి బండి ఉన్నవాళ్లు ముందు ఆ పట్టికను ప్రింట్ తీసుకోవాలి.

రెండోది పార్ట్స్ కేటలాగ్. దీని విలువ చాలామందికి తెలియదు, నాకైతే అన్నింటికన్నా ఎక్కువ ఉపయోగపడిన పుస్తకం ఇదే. ఇందులో ఎలా విప్పాలో ఒక్క వాక్యం కూడా ఉండదు. బొమ్మలే. ప్రతి అసెంబ్లీని గాల్లో విడదీసినట్టు గీసి, ప్రతి వాషర్‌కూ, ఓ-రింగ్‌కూ నంబర్ ఇస్తారు. వెనక చక్రం విప్పారనుకోండి. యాక్సిల్ లాగగానే స్పేసర్ ఒకటి కింద పడి దొర్లిపోతుంది. అది ఎడమవైపుదా కుడివైపుదా? వాషర్ నట్‌కు లోపలా బయటా? ఈ ప్రశ్నకు కేటలాగ్ బొమ్మ ఒక్క చూపులో జవాబు చెప్తుంది. పైగా పార్ట్ నంబర్ రాసుకుని వెళితే షాపులో మాట తేలిగ్గా తెగుతుంది. హైదరాబాద్ పుత్లీబౌలిలో "క్లాసిక్ క్లచ్ కేబుల్ ఇవ్వండి" అని అడిగి తెచ్చుకోవడానికీ, నంబర్ చూపించి ప్యాకెట్ మీది నంబర్‌తో సరిచూసుకుని తెచ్చుకోవడానికీ చాలా తేడా ఉంది.

మూడోది సర్వీస్ మాన్యువల్, కొందరు వర్క్‌షాప్ మాన్యువల్ అంటారు. ఇది కంపెనీ తన మెకానిక్‌ల కోసం రాసుకున్నది. విప్పే వరస, అరుగుదల హద్దులు, టార్క్, స్పెషల్ టూల్స్, వైరింగ్ డయాగ్రమ్. మీరు వెతుకుతున్నది ఇదే. దొరకడం కష్టమైనదీ ఇదే. కంపెనీలు దీన్ని డీలర్లకు ఇస్తాయి, మనకు అంత తేలిగ్గా ఇవ్వవు. నా అభిప్రాయంలో ఇది మారాలి. డబ్బు పెట్టి కొన్న బండిని ఎలా బాగు చేసుకోవాలో తెలుసుకునే హక్కు కొన్నవాడికి ఉండాలి.

ఎక్కడ వెతకాలంటే, మొదట కంపెనీ కస్టమర్ కేర్‌కు మెయిల్ రాయండి. చాసిస్ నంబర్ ఇచ్చి, ఫలానా మోడల్ సర్వీస్ మాన్యువల్ అమ్ముతారా అని సూటిగా అడగండి. అమ్మితే కొనండి. పేజీలు పోని, చెరగని, మీ మోడల్‌దే అయిన కాపీ అలాగే దొరుకుతుంది. తర్వాత అధీకృత సర్వీస్ సెంటర్ పార్ట్స్ కౌంటర్. పుస్తకం ఇవ్వరు కానీ, చాసిస్ నంబర్ చెబితే కంప్యూటర్లో మీ బండి కేటలాగ్ తెరిచి పార్ట్ నంబర్ చెప్తారు. రద్దీ లేని మధ్యాహ్నం పూట వెళ్లి మర్యాదగా అడిగితే స్క్రీన్ తిప్పి బొమ్మ కూడా చూపిస్తారు. పాత బళ్ల పుస్తకాలైతే ఆబిడ్స్‌లో ఆదివారం ఫుట్‌పాత్ మీద పెట్టే పాత పుస్తకాల్లో ఓపిగ్గా వెతకండి. వర్క్‌షాప్ మూసేసిన ముసలి మెకానిక్‌ల దగ్గర కూడా ఉంటాయి. అడిగినవాడు లేక అటక మీద పడి ఉంటాయి.

నెట్‌లో వెతికేటప్పుడు పేరు మార్చి వెతకడం నేర్చుకోండి. మన బళ్లే వేరే దేశాల్లో వేరే పేర్లతో అమ్ముతారు. పల్సర్ ఎన్‌ఎస్ 200ను అర్జెంటీనాలో, ఫిలిప్పీన్స్‌లో రౌజర్ అంటారు. మన యమహా ఎఫ్‌జెడ్‌ను ఇండోనేషియాలో బైసన్ పేరుతో అమ్మారు. ఆ పేర్లతో కొట్టి చూస్తే ఇక్కడ దొరకనివి దొరుకుతాయి. భాష స్పానిషో ఇండోనేషియనో అయినా బొమ్మలకూ అంకెలకూ భాష అడ్డం కాదు, మిగిలింది ఫోన్‌లో అనువదించుకోవచ్చు. పాత స్ప్లెండర్‌కైతే హీరో హోండా అనే వెతకాలి, హీరో మోటోకార్ప్ అనే పేరు 2011లో వచ్చింది. మీ విషయంలో ఇంకో సంగతి. రాయల్ ఎన్‌ఫీల్డ్ అమెరికాకు ఎక్కువగా పంపింది యూసీఈ 500ను, అక్కడ క్లాసిక్‌ను సీ5 అన్నారు. అందుకే నెట్‌లో ఇంగ్లీషు యూసీఈ మాన్యువల్ అంటే ఎక్కువగా 500దే తగులుతుంది. కేసు, క్లచ్, గేర్‌బాక్స్ ఎలా అమర్చారో అర్థం చేసుకోవడానికి అది బాగానే పనికొస్తుంది. పెట్రోల్, ఇగ్నిషన్ దగ్గర మాత్రం దాన్ని నమ్మొద్దు. దానికి ఇంజెక్షన్, ఒకే ప్లగ్. మీకు కార్బురేటర్, రెండు ప్లగ్‌లు.

అమెరికా, ఇంగ్లండ్‌లలో ఉన్న మనవాళ్లు హేన్స్, క్లైమర్ అనే ప్రచురణ సంస్థల రిపేర్ పుస్తకాలు కొనుక్కోమంటారు. జపాన్ పెద్ద బళ్లకు అవి చక్కటివి. మన కమ్యూటర్ బళ్లకు వాటిలో చోటు దాదాపు లేదు. వాటి కోసం తిరిగి టైమ్ పోగొట్టుకోకండి.

ఏదైనా సైట్ పీడీఎఫ్ బదులు డౌన్‌లోడర్ అనే సాఫ్ట్‌వేర్ ఇన్‌స్టాల్ చేయమన్నా, ఉచితం అంటూనే కార్డు వివరాలు అడిగినా వెంటనే బయటికి వచ్చేయండి. "పూర్తి సర్వీస్ మాన్యువల్" అని 300 రూపాయలకు లింకు అమ్మేవాళ్లలో చాలామంది ఉచితంగా ఉన్న ఓనర్స్ మాన్యువల్‌నే అంటగడతారు. కొనే ముందు విషయసూచిక పేజీ, స్పెసిఫికేషన్ పేజీ పంపమని అడగండి. పంపకపోతే వదిలేయండి.

పుస్తకం చేతికొచ్చాక ముందు స్పెసిఫికేషన్ పేజీ తెరవండి. బోర్ (సిలిండర్ వెడల్పు), స్ట్రోక్ (పిస్టన్ కదిలే దూరం) చూడండి. 72, 85.8 మిల్లీమీటర్లు ఉంటే జె-సిరీస్. 84, 90 ఉంటే 500. 70, 90 ఉంటే మీది కావచ్చు, కావచ్చు అనే అంటున్నాను. ఎందుకంటే పాత పోత ఇనుము బుల్లెట్ 350కి కూడా ఇవే కొలతలు, అదే 346 సీసీ. అప్పుడు ఆయిల్ వరస చూడండి. ఇంజిన్‌కు, గేర్‌బాక్స్‌కు, క్లచ్ కేసుకు వేరు వేరుగా ఆయిల్ చెప్పిందంటే అది పాత బుల్లెట్ పుస్తకం. మీ ఇంజిన్‌లో అన్నిటికీ ఒకటే ఆయిల్. చివర వైరింగ్ డయాగ్రమ్‌లో రంగులు మీ హెడ్‌లైట్ లోపలి వైర్లతో కలుస్తున్నాయో లేదో కూడా చూడండి.

ఇప్పుడు నా చేతి మీదుగా జరిగిన తప్పు చెప్తాను, మీకు జరగకూడదని. తొలి రోజుల్లో మా బావ స్ప్లెండర్ క్లచ్ కవర్ విప్పి బిగిస్తున్నాను. హోండా పద్ధతిలో రాసిన మాన్యువల్ దగ్గరుంది. దాంట్లో మామూలు బోల్టుల టార్క్ పట్టిక ఉంటుంది: 6 మిల్లీమీటర్ల బోల్టుకు 10 న్యూటన్ మీటర్లు, 8కి 22, 10కి 34. నా చేతిలో ఉన్నది 10 నంబర్ స్పానర్. వర్క్‌షాపులో దాన్ని అందరం "10 నంబర్ బోల్టు" అనే అంటాం. పట్టికలో 10 ఎదురుగా 34 కనపడింది. టార్క్ రెంచ్ 34కి పెట్టి తిప్పాను. క్లిక్ మనలేదు. ఇంకొంచెం తిప్పాను. బోల్టు ఒక్కసారిగా మెత్తగా తిరగడం మొదలైంది. అల్యూమినియం కేసులో థ్రెడ్ మొత్తం బోల్టుతో పాటు సన్నని స్ప్రింగులా బయటికొచ్చింది. లేత్ షాపుకు పట్టుకెళ్లి కొత్త థ్రెడ్ వేయించాల్సి వచ్చింది.

స్పానర్ నంబర్ బోల్టు తల కొలత. మాన్యువల్ చెప్పేది థ్రెడ్ ఉన్న కాడ మందం. 10 నంబర్ స్పానర్ పట్టే బోల్టు కాడ సాధారణంగా 6 మిల్లీమీటర్లే. దానికి 10 న్యూటన్ మీటర్లు చాలు, నేను మూడింతలకు పైగా పెట్టాను. 12 నంబర్ తలకు కాడ 8. సందేహం ఉంటే ఒక బోల్టు బయటికి తీసి వెర్నియర్‌తో కాడ కొలవండి, పది సెకన్ల పని. ఒక బోల్టుకు విడిగా విలువ ఇచ్చి ఉంటే మాత్రం మామూలు పట్టిక వదిలేసి అదే పాటించాలి.

యూనిట్లు కూడా జాగ్రత్త. పాత పుస్తకాల్లో కిలోగ్రామ్ మీటర్లలో ఉంటుంది. 1 కిలోగ్రామ్ మీటర్ అంటే సుమారు 9.8 న్యూటన్ మీటర్లు. అమెరికా పుస్తకాల్లో ఫుట్ పౌండ్లు, ఒకటి 1.36 న్యూటన్ మీటర్లకు సమానం. టార్క్ రెంచ్ కొనేటప్పుడు కార్లవాళ్లు వాడే పెద్దది కాకుండా 5 నుంచి 25 దాకా కొలిచే చిన్నది ముందు కొనండి. ఇంజిన్ కవర్ల మీది చిన్న బోల్టులన్నీ ఆ హద్దులోకే వస్తాయి. థ్రెడ్ పోయేది కూడా ఎక్కువగా అక్కడే.

అంకెల తర్వాత ఇబ్బంది పెట్టేది మాటలు. మన మెకానిక్ మాటలు వేరు, పుస్తకం మాటలు వేరు. "కోన్ సెట్" అని వెతికితే విషయసూచికలో దొరకదు, అక్కడ స్టీరింగ్ హెడ్ బేరింగ్ అని ఉంటుంది. మనం సెల్ఫ్ అనేది స్టార్టర్ మోటార్. షాకప్ ముందుదైతే ఫ్రంట్ ఫోర్క్, వెనకదైతే షాక్ అబ్జార్బర్. ప్యాకింగ్ అంటే గ్యాస్‌కెట్. మ్యాగ్నెట్ అంటే ఫ్లైవీల్ లేదా రోటర్, దాని లోపలి కాయిల్ స్టేటర్. సైలెన్సర్‌ను మఫ్లర్ అంటారు. ట్యాపెట్ సెట్టింగ్ కోసం వాల్వ్ క్లియరెన్స్ దగ్గర చూడాలి. నేను ఇవన్నీ పుస్తకం మొదటి ఖాళీ పేజీలో రాసుకున్నాను, మీరూ రాసుకోండి. పని మధ్యలో, చేతులకు నూనెతో, ఫోన్‌లో వెతుక్కోవడం నరకం.

వైర్ల రంగుల విషయంలో కూడా ఒక బండి అలవాటును ఇంకో బండికి తీసుకెళ్లొద్దు. నలుపు అంటే ఎర్త్ అని ఇంటి ఇన్వర్టర్, కారు బ్యాటరీ చూసినవాళ్లు అనుకుంటారు. హోండా పద్ధతి బళ్లలో ఎర్త్ ఆకుపచ్చ. నలుపు తాళం తిప్పగానే కరెంటు వచ్చే వైరు. దాన్ని బాడీకి తగిలిస్తే ఫ్యూజు పోతుంది. అందుకే వైరింగ్ పేజీ చేతిలో లేకుండా హార్న్ వైరు కూడా కలపొద్దు అంటాను.

పని మొదలుపెట్టే ముందు ఆ పనికి కావాల్సిన రెండు మూడు పేజీలే ప్రింట్ తీసి ప్లాస్టిక్ కవర్లో పెట్టి గోడకు తగిలించండి. మొదటిసారి పనిని మొదటి నుంచి చివరిదాకా చదివాకే స్పానర్ ముట్టుకోండి. ఏ అడుగులోనైనా స్పెషల్ టూల్ అని ఉంటే, అది మీ దగ్గర లేకపోతే, ఆ పని ఈ ఆదివారం పని కాదు. ఆయిల్, ఫిల్టర్, ప్లగ్‌లు, చైన్, కేబుళ్లు, బ్రేక్ షూలు, బ్యాటరీ ఇంట్లో హాయిగా చేసుకోవచ్చు. ఫోర్క్ సీళ్లు, క్లచ్ ప్లేట్లు రెండో ఏడు చూడండి. ఇంజిన్ కేసు విప్పే పని నమ్మకమైన మెకానిక్‌కే ఇవ్వండి, పక్కన నిలబడి చూడండి.

చివరగా మీ టిక్ టిక్. రాత్రంతా నిలబడిన యూసీఈ ఇంజిన్‌లో లిఫ్టర్లలోంచి ఆయిల్ కొంత కిందికి దిగుతుంది. స్టార్ట్ చేశాక అది మళ్లీ నిండేదాకా కొన్ని సెకన్లు చప్పుడు రావడం మామూలే. వేడెక్కాక కూడా ఆగకపోతే, బండిని సెంటర్ స్టాండ్ మీద నిలబెట్టి, ఇంజిన్ ఆపి కాసేపు ఆగి, కుడివైపు కేసు మీది గాజు కిటికీలో ఆయిల్ మట్టం చూడండి. తక్కువుంటే ఓనర్స్ మాన్యువల్ చెప్పిన 15డబ్ల్యూ-50నే పోయండి. డబ్బా మీద జాసో ఎంఏ (బైక్ క్లచ్‌కు సరిపడే ఆయిల్ అనే గుర్తు) అని ఉందో లేదో చూసుకోండి. క్లచ్ కూడా అదే ఆయిల్‌లో మునిగి ఉంటుంది కాబట్టి కారు ఆయిల్ పోస్తే క్లచ్ జారే ప్రమాదం ఉంది. పాత యజమాని ఏ ఆయిల్ పోశాడో తెలియదు కాబట్టి, నేనైతే ఆయిల్, ఫిల్టర్ రెండూ మార్చేసి, ఆ రోజు కిలోమీటర్లు పుస్తకం మొదటి పేజీలో రాసి మొదలుపెడతాను. మార్చాక ఓ 200 కిలోమీటర్లు తిప్పి, చప్పుడు ఎలా ఉందో, చల్లగా ఉన్నప్పుడా వేడి మీదా అనేది ఇక్కడే రాయండి. అప్పుడు లిఫ్టర్ల దాకా వెళ్లాలా వద్దా చూద్దాం.